చిత్రకారులు సినిమా కెమెరా పట్టిన కాలం

ఐరోపా నవ్య కళోద్యమాలు, తొలి ప్రయోగాత్మక చలనచిత్రాలు: ఒక పరిచయం

సినిమా చూసి వచ్చినవారిని ఇంట్లోవారు అడిగే మొదటి ప్రశ్న "కథ ఏమిటి?" అన్నది. కథ బాగుంటే సినిమా బాగున్నట్టు, కథ లేకపోతే సినిమాయే లేనట్టు మనం భావిస్తాము. అయితే సుమారు వంద సంవత్సరాల క్రితం ఐరోపాలో కొందరు చిత్రకారులు, కవులు ఈ ప్రశ్ననే తిరగవేశారు. "చిత్రలేఖనానికి కథ అక్కరలేనప్పుడు, సంగీతానికి కథ అక్కరలేనప్పుడు, కదిలే బొమ్మకు మాత్రం కథ ఎందుకు?" అన్నది వారి వాదం. ఆ వాదం నుంచి పుట్టిన చిన్న చిన్న చిత్రాలు ఆనాడు కొద్దిమందే చూశారు. కాని నేడు మనం చూసే సినిమా పాటల చిత్రీకరణలో, వ్యాపార ప్రకటనల్లో, భయానక చిత్రాల నీడల్లో వాటి జాడ స్పష్టంగా కనిపిస్తుంది. ఆ ఉద్యమాలను, ఆ చిత్రాలను, వాటి వెనుకనున్న మనుషులను క్రమంగా పరిచయం చేయడం ఈ వ్యాసం ఉద్దేశం.

పదం, నేపథ్యం

"అవాంట్‌గార్డ్" అన్నది మూలంలో ఫ్రెంచి సైనిక పదం. ప్రధాన సైన్యానికి ముందు నడుస్తూ దారి వెతికే చిన్న దళానికి ఆ పేరు. 19వ శతాబ్దంలో ఇది కళారంగంలోకి వచ్చింది. అందరూ అంగీకరించిన పద్ధతులను విడిచి, ముందుగా కొత్త దారిలో అడుగు వేసే కళాకారులను ఆ పేరుతో పిలవసాగారు. తెలుగులో దీనిని అగ్రగామి కళ అనవచ్చును.

ఈ ఉద్యమాలు 20వ శతాబ్దపు తొలి దశకాలలోనే విజృంభించడానికి కారణాలు ఉన్నాయి. మొదటిది ఫోటోగ్రఫీ. 1839లో అది లోకానికి వెల్లడైన తరువాత, మనిషి పోలికను ఉన్నది ఉన్నట్టు గీసే పని క్రమంగా చిత్రకారుని చేతి నుంచి జారిపోయింది. కెమెరా చేయలేని పని ఏమిటన్న వెతుకులాట మొదలయింది. రెండవది యంత్రం. రైలు, మోటారు కారు, విమానం, విద్యుద్దీపం మనిషి చూపు వేగాన్నే మార్చాయి. మూడవది 1914 నుంచి 1918 వరకు సాగిన మొదటి ప్రపంచ యుద్ధం. లక్షలాది యువకులను బలిగొన్న ఆ యుద్ధం తరువాత, పెద్దలు చెప్పిన విలువల మీద, అందం గురించిన పాత నిర్వచనాల మీద యువ కళాకారులకు నమ్మకం పోయింది.

సినిమా అప్పటికి పసిబిడ్డ. లూమియేర్ సోదరులు 1895 డిసెంబరు 28న పారిస్‌లోని గ్రాండ్ కఫేలో డబ్బు తీసుకొని ప్రజలకు తమ చిత్రాలను చూపారు. 1896 జూలై 7న బొంబాయి వాట్సన్స్ హోటలులో మన దేశంలో తొలి ప్రదర్శన జరిగింది. ఆ తరువాతి ఇరవై ఏళ్ళలో సినిమా ఎక్కువగా నాటకాన్ని, నవలను అనుసరించి కథలు చెప్పడం నేర్చుకొంది. చిత్రకారులు రంగంలోకి దిగింది ఆ దశలోనే.

ఇక్కడ ఒక సాంకేతిక విషయం గుర్తుంచుకోవాలి. పిల్లలు నోటు పుస్తకం అంచున పేజీకొక బొమ్మ గీసి, పేజీలను గబగబా తిప్పి బొమ్మను కదిలించడం మనకు తెలిసినదే. సినిమా అంతా అదే సూత్రం. మూకీ కాలంలో సెకనుకు సుమారు 16 బొమ్మలు కదిలేవి. శబ్దం వచ్చాక అది 24గా స్థిరపడింది. సెకనుకు 16 చొప్పున లెక్కిస్తే ఒక్క నిమిషానికి 960 బొమ్మలు కావాలి. చేత్తో గీసిన ఆనాటి ప్రయోగాల వెనుక ఎంత శ్రమ ఉన్నదో ఈ లెక్కే చెబుతుంది.

ఇటలీ: భవిష్యద్వాదం

ఇటాలియన్ కవి మారినెట్టి 1909 ఫిబ్రవరి 20న పారిస్ దినపత్రిక ఫిగారోలో ఒక ప్రకటన అచ్చు వేయించారు. పాతను కూలదోసి, వేగాన్ని, యంత్రాన్ని, యుద్ధాన్ని సైతం కీర్తించిన ఆ ప్రకటనతో భవిష్యద్వాదం అనే ఫ్యూచరిజం మొదలయింది. కదలికను నిశ్చలమైన బట్ట మీద చూపడానికి ఈ వర్గపు చిత్రకారులు తంటాలు పడ్డారు. పరుగెత్తే కుక్కకు ఇరవై కాళ్ళు గీసినట్టు వేయడం వారి పద్ధతి. అటువంటి వారికి సినిమా సహజంగానే ఆకర్షణీయమయింది.

ఆర్నాల్డో జిన్నా, బ్రూనో కొర్రా అనే సోదరులు 1910 తరువాతి సంవత్సరాలలో కెమెరా లేకుండానే, ఫిలిం మీద నేరుగా రంగులు పూసి చిత్రాలు చేశారు. 1916లో ఫ్యూచరిస్టులు సినిమా గురించి ప్రత్యేక ప్రకటన వెలువరించి, అదే ఏడాది "వీటా ఫ్యూచురిస్టా" అనే చిత్రాన్ని నిర్మించారు. విచారకరమైన విషయం ఏమిటంటే జిన్నా సోదరుల రంగు ఫిలిములు గాని, ఈ చిత్రం గాని నేడు లేవు. ఆనాటి ఫిలిం నైట్రేటుతో తయారయ్యేది. అది త్వరగా అంటుకొనేది, నిలువ ఉంచితే పాడయ్యేది. అందుచేత ఈ చరిత్రలో కొంత భాగం మనకు మాటల్లోనే మిగిలింది. మిగిలిన వాటిలో బ్రగాలియా 1917లో తీసిన "థాయిస్" ముఖ్యం. అందులో చిత్రకారుడు ప్రాంపోలినీ రూపొందించిన సెట్టింగులు కోణాలతో, వలయాలతో నిండి, పాత్రను మింగేస్తున్నట్టు కనిపిస్తాయి.

జర్మనీ: గోడల మీద గీసిన నీడలు

జర్మనీలో 1905 నుంచి అభివ్యక్తివాదం అనే ఎక్స్‌ప్రెషనిజం బలపడింది. లోకం కంటికి ఎలా ఉన్నదన్నది ఈ చిత్రకారులకు ముఖ్యం కాదు. భయంలో, బాధలో ఉన్న మనసుకు లోకం ఎలా తోస్తుందో దానినే వారు చిత్రించారు. ఇళ్ళు వంకరగా, ముఖాలు పచ్చగా, వీథులు కత్తుల్లా ఉండేవి.

ఈ దృష్టిని తెర మీదకు తెచ్చిన చిత్రం రాబర్ట్ వీన దర్శకత్వం వహించిన "డాక్టర్ కాలిగరీ పేటిక". ఇది 1920 ఫిబ్రవరి 26న బెర్లిన్‌లో విడుదలయింది. హెర్మన్ వార్మ్, వాల్టర్ రైమన్, వాల్టర్ రోరిగ్ అనే ముగ్గురు దీనికి కళా దర్శకులు. కిటికీలు త్రికోణాలుగా, గదులు ఏటవాలుగా, పొగగొట్టాలు ఒరిగి ఉంటాయి. నీడలను, వెలుగు చారలను కూడా కొన్ని చోట్ల గోడ మీద, నేల మీద రంగుతోనే వేశారు. జాతరలో నిద్రావస్థలోని ఒక మనిషిని ప్రదర్శిస్తూ, అతని చేత హత్యలు చేయించే వైద్యుని కథ ఇది. చివరికి ఈ కథ చెబుతున్నవాడే పిచ్చాసుపత్రిలో ఉన్నాడని ప్రేక్షకునికి తెలుస్తుంది. అంటే ఆ వంకర లోకం ఎవరి మనసులోనిది అన్న సందేహం ప్రేక్షకునితోపాటు ఇంటికి వస్తుంది.

ఇది కథాచిత్రమే. పూర్తిగా ప్రయోగాత్మకం అనలేము. అయినా సెట్టింగు సైతం పాత్రలా మాట్లాడగలదని నిరూపించినది ఇదే. ముర్నో తీసిన "నోస్ఫెరాతు" (1922), ఫ్రిట్జ్ లాంగ్ తీసిన "మెట్రోపోలిస్" (1927) ఈ వరుసలోనివే. 1933లో నాజీలు అధికారానికి వచ్చిన తరువాత జర్మనీ విడిచిన అనేక దర్శకులు, కెమెరామన్‌లు ఈ చీకటివెలుగుల విద్యను హాలీవుడ్‌కు తీసుకొని వెళ్ళారు. మెట్ల మీద పొడవుగా పాకే నీడను చూసి మనం ఈనాటికీ ఉలిక్కిపడుతున్నామంటే ఆ విద్య చలవే. "కాలిగరీ" చిత్రాన్ని మిగిలిన మూల నెగెటివ్ ఆధారంగా 2014లో పునరుద్ధరించారు.

సంగీతం వంటి సినిమా

అదే జర్మనీలో మరొక వర్గం కథను పూర్తిగా వదలివేసింది. 1916లో స్విట్జర్లాండులోని జ్యూరిక్‌లో యుద్ధ వ్యతిరేకులైన కళాకారులు డాడా ఉద్యమాన్ని ప్రారంభించారు. ఆ బృందంతో సంబంధమున్న వారిలో జర్మన్ చిత్రకారుడు హన్స్ రిక్టర్, స్వీడన్ దేశీయుడు వైకింగ్ ఎగెలింగ్ ఉన్నారు. రాగానికి స్వరాలున్నట్టు చిత్రానికి కూడా మూల స్వరాలుండాలని వీరి నమ్మకం. గీత, చతురస్రం, నలుపు, తెలుపు వారి స్వరాలు. మొదట పొడవైన కాగితపు చుట్టల మీద ఒక ఆకారం మెల్లగా మారుతూ పోయేటట్టు గీశారు. చుట్ట విప్పుతూ చూస్తే బొమ్మ కదిలినట్టు అనిపించేది. అక్కడి నుంచి సినిమాకు దూరం ఎంతో లేదు.

రిక్టర్ "రిథమస్ 21" అనే చిత్రంలో చతురస్రాలు పెరుగుతాయి, తగ్గుతాయి, మన మీదికి వచ్చి వెనుకకు పోతాయి. అంతకు మించి ఏమీ జరగదు. అయినా చూసేవారికి లయ తెలుస్తుంది. ఎగెలింగ్ పేదరికంలో, అనారోగ్యంలో, ఎర్నా నీమెయర్ అనే యువతి సహాయంతో "కర్ణరేఖా సింఫనీ" అనదగిన చిత్రాన్ని పూర్తి చేశారు. కత్తిరించిన ఆకారాలను ఒక్కొక్క ఫ్రేముకు కొద్దికొద్దిగా మారుస్తూ తీసిన సుమారు ఏడు నిమిషాల చిత్రం అది. 1925 మే 3న బెర్లిన్‌లో జరిగిన "పరిపూర్ణ చిత్రం" అనే ఉదయపు ప్రదర్శనలో దానిని ప్రజలకు చూపారు. పదహారు రోజుల తరువాత, మే 19న ఎగెలింగ్ కన్ను మూశారు.

వాల్టర్ రుట్‌మన్ కూడా చిత్రకారుడే. ఆయన "లిక్ట్‌ష్పీల్ ఓపస్ 1" 1921 ఏప్రిల్‌లో బెర్లిన్‌లో సంగీతంతోపాటు ప్రదర్శితమయింది. నైరూప్య చిత్రాలలో తొలి బహిరంగ ప్రదర్శన ఇదేనని సాధారణంగా చెబుతారు. 1927లో ఆయన "బెర్లిన్: మహానగర సింఫనీ" తీశారు. తెల్లవారుజాము రైలు నగరంలోకి రావడంతో మొదలై రాత్రి దీపాలతో ముగిసే ఈ చిత్రానికి కథానాయకుడు లేడు. నగరమే నాయకుడు. ఆ తరువాత అనేక దేశాలలో నగరాల మీద వచ్చిన డాక్యుమెంటరీలకు ఇది ఒరవడి అయింది.

రుట్‌మన్ సహాయం చేసిన మరొక చిత్రం లోట్టె రైనిగర్ తీసిన "రాకుమారుడు అహ్మద్ సాహసాలు" (1926). నేడు మిగిలి ఉన్న పూర్తి నిడివి యానిమేషన్ చిత్రాలలో ఇదే అతి ప్రాచీనం. తోలుబొమ్మలాటను, తొగలు గొంబెయాటను, తోల్పావై కూత్తును, రావణఛాయను ఎరిగిన మన సరిహద్దు పల్లెల పాఠకులకు నీడ ఎంత మాట్లాడగలదో వేరుగా చెప్పనవసరం లేదు. రైనిగర్ పద్ధతి మాత్రం వేరు. మన ఆటలో బొమ్మను ఆడించేవారు తెర వెనుకనే ఉండి, పాటతోపాటు చేత్తో ఆడిస్తారు. ఆమె నల్ల అట్టను, పలుచని సీసపు రేకును కత్తెరతో కత్తిరించి, కీళ్ళను తీగతో కలిపి, కింద దీపమున్న గాజు బల్ల మీద పరచేవారు. పైనుంచి ఒక్క ఫొటో తీసి, బొమ్మ చేతిని కొద్దిగా జరిపి, మరొకటి తీసేవారు. ఈ విధంగా మూడు సంవత్సరాలు శ్రమించారు.

పారిస్: ఉప్పు, మిరియాలు, మేకులు

యుద్ధానంతరం డాడా కేంద్రం పారిస్‌కు మారింది. మనుషులను లక్షల సంఖ్యలో చంపిన నాగరికత తనను తాను తెలివైనదని చెప్పుకొంటుంటే, తెలివితక్కువతనమే సరైన సమాధానమని డాడావాదులు భావించారు.

అమెరికన్ చిత్రకారుడు, ఫొటోగ్రాఫర్ మన్ రే 1923 జూలైలో ఒక సాయంకాల కార్యక్రమానికి చిత్రం ఇవ్వవలసి వచ్చింది. ఆయన స్వీయచరిత్రలో చెప్పిన ప్రకారం గడువు ఒక్క రోజే. చీకటి గదిలో ఫిలిం ముక్కలు పరచి, వంటవాడు వేపుడు మీద చల్లినట్టు కొన్నిటి మీద ఉప్పు, మిరియాల పొడి చల్లారు. మరికొన్నిటి మీద గుండుసూదులు, డ్రాయింగు పిన్నులు వెదజల్లారు. క్షణకాలం దీపం వెలిగించి ఆర్పి, ఫిలిం కడిగారు. కెమెరాతో పని లేకుండానే బొమ్మ పడింది. తాను అంతకు ముందు తీసిన కొన్ని దృశ్యాలను వాటికి అతికించి "బుద్ధిలోకి తిరిగి రాక" అని పేరు పెట్టారు. ప్రదర్శనలో అతుకులు తెగి ఫిలిం ఆగిపోయింది. సభలో కొట్లాట జరిగింది. మూడు నిమిషాలైనా లేని ఈ చిత్రం నేడు సినిమా చరిత్ర పుస్తకాలన్నిటిలోనూ ఉన్నది.

1924 డిసెంబరులో పారిస్‌లో "రెలాష్" అనే నృత్యనాటిక జరిగింది. దాని విరామంలో చూపడానికి చిత్రకారుడు పికాబియా ఆలోచన ఇవ్వగా, యువ దర్శకుడు రెనే క్లేర్ "ఆంత్రాక్త్" తీశారు. ఆ పేరుకు అర్థం "విరామం". ఎరిక్ సాతీ సంగీతం కూర్చారు. ఇందులో శవవాహనాన్ని ఒంటె లాగుతుంది. వెనుక నడిచే పెద్దమనుషులు గంభీరంగా, గాలిలో తేలుతున్నట్టు గెంతుతారు. బండి తెగి తనంతట తాను పరుగెత్తుతుంది. శోకించవలసిన వారు పరుగు పందెంలోలా దాని వెంట పడతారు. నవ్వు తెప్పించే ఈ దృశ్యాలలో ఒక తరం తన పెద్దల గౌరవమర్యాదలను ఎలా చూసిందో కనిపిస్తుంది.

చిత్రకారుడు ఫెర్నాన్ లెజే యుద్ధంలో సైనికుడు. ఎండలో మెరిసే ఫిరంగి లోహపు అందం తన చిత్రకళను మార్చివేసిందని ఆయన చెప్పుకొన్నారు. ఒకే వస్తువును అనేక వైపుల నుంచి ముక్కలుగా చూపే క్యూబిజం ఆయన మార్గం. అమెరికన్ అయిన డడ్లీ మర్ఫీతో కలిసి 1924లో ఆయన తీసిన "బాలే మెకానిక్" చిత్రంలో గిన్నె మూతలు, సీసాలు, పెదవులు, యంత్ర భాగాలు నృత్యం చేస్తాయి. ఒక చాకలి స్త్రీ బరువు మోసుకొంటూ మెట్లెక్కుతుంది. పైకి చేరుతుండగానే దృశ్యం మళ్ళీ మొదటికి వస్తుంది. ఇరవై సార్లకు పైగా ఆమె ఎక్కుతూనే ఉంటుంది. మొదట నవ్వు వస్తుంది. పోను పోను నవ్వు ఆగిపోతుంది. పని ముగింపు లేని బ్రతుకు ఎలా ఉంటుందో ఒక్క మాట లేకుండా తెలుస్తుంది. యంత్రాన్ని కీర్తించిన చిత్రంలో మనిషి బరువు కనిపించేది ఇక్కడే.

కల తర్కం: అధివాస్తవికత

1924లో ఆంద్రే బ్రెటన్ ప్రకటనతో సర్రియలిజం పుట్టింది. తెలుగులో దీనిని అధివాస్తవికత అంటున్నాము. కలలో ఒక గది తలుపు తీస్తే సముద్రం కనిపించవచ్చును. కలగనేవారికి అది వింతగా తోచదు. ఆ తర్కాన్ని మెలకువలోకి తేవడమే వీరి ప్రయత్నం. చీకటి హాలులో కూర్చుని వెలుగుబొమ్మలు చూడడం ఎలాగూ కలకు దగ్గరదే కనుక సినిమా వీరికి సరిగ్గా అమరింది.

ఈ మార్గంలో తొలి చిత్రం ఒక మహిళ తీసినది కావడం గమనార్హం. జెర్మేన్ దులాక్ దర్శకత్వం వహించిన "గవ్వ, మతాచార్యుడు" 1928 ఫిబ్రవరిలో పారిస్‌లోని ఊర్సులీన్ స్టూడియోలో ప్రదర్శితమయింది. కథనం ఆంతొనాన్ ఆర్తో సమకూర్చారు. చిత్రం ఆయనకు నచ్చలేదు. ప్రదర్శనలో గొడవ జరిగింది. బ్రిటన్ సెన్సారు వారు దీనికి అర్థమే లేదనీ, ఒకవేళ ఉంటే అది నిస్సందేహంగా అభ్యంతరకరమేననీ భావించి అనుమతి నిరాకరించారు.

1929 జూన్ 6న అదే హాలులో స్పెయిన్ యువకులు లూయీ బున్యుయెల్, సాల్వడోర్ డాలీ "ఆండలూసియా కుక్క" చూపారు. ఖర్చు బున్యుయెల్ తల్లి ఇచ్చారు. ఇద్దరూ తమ కలలు చెప్పుకొని, అర్థం చెప్పగలిగిన ప్రతి ఊహనూ కొట్టివేసి, మిగిలినవాటితో కథనం అల్లారు. ప్రేక్షకులు తిరగబడితే విసరడానికి బున్యుయెల్ జేబులో రాళ్ళు పెట్టుకొని తెర వెనుక నిలుచున్నారట. రాళ్ళ అవసరం రాలేదు. చిత్రం నెలల తరబడి ఆడింది. కన్ను కోసే ప్రారంభ దృశ్యం (వాడినది చచ్చిన దూడ కన్ను) నేటికీ పెద్దలనే కలవరపెడుతుంది. పిల్లలకు చూపదగినది కాదు.

మరుసటి ఏడాది "స్వర్ణయుగం" చిత్రానికి రాళ్ళకన్న పెద్ద అవసరమే వచ్చింది. మతాన్ని, సంపన్న వర్గాన్ని ఎగతాళి చేసిన ఆ చిత్రం ఆడుతున్న హాలు మీద 1930 డిసెంబరు 3న తీవ్రవాద మితవాద బృందాలు దాడి చేశాయి. తెర మీద సిరా విసిరి, వరండాలో వేలాడదీసిన చిత్రపటాలను చీల్చాయి. కొద్ది రోజులలోనే పోలీసులు చిత్రాన్ని నిషేధించారు. దశాబ్దాల పాటు అది బహిరంగంగా ఆడలేదు.

సోవియట్ దేశం: కూర్పులో అర్థం

1917 విప్లవం తరువాత రష్యాలో కన్‌స్ట్రక్టివిజం అనే ఉద్యమం కళాకారుని ఇంజనీరుతో సమానం చేసింది. కళాఖండం అంటే ముక్కలను లెక్క ప్రకారం అమర్చిన నిర్మాణం అన్నారు. సినిమాలో ఇది ఎడిటింగు అయింది.

దీనికి మూలమైన ప్రయోగం దర్శకుడు, ఉపాధ్యాయుడు అయిన లెవ్ కులెషోవ్ 1920 ప్రాంతంలో చేశారు. ఒక నటుని ముఖాన్ని, ఏ భావమూ లేకుండా, ఒకే దృశ్యాన్ని మూడు చోట్ల అతికించారు. ఒక చోట దాని పక్కన సూపు గిన్నె, మరొక చోట శవపేటిక, వేరొక చోట ఒక స్త్రీ. చూసినవారు అతని ముఖంలో ఆకలిని, దుఃఖాన్ని, కోరికను ఎంత బాగా నటించాడో అని మెచ్చుకొన్నారని చెబుతారు. ముఖం మారలేదు. పక్కన ఉన్నది మారింది. ఈ సూత్రం గురించి చివరలో మళ్ళీ ప్రస్తావిస్తాను.

ఐసెన్‌స్టీన్ ఇంజనీరింగు చదివి, మేయర్‌హోల్డ్ వద్ద నాటక విద్య నేర్చి సినిమాకు వచ్చారు. "పొటెంకిన్ యుద్ధనౌక" (1925) లోని ఒడెస్సా మెట్ల దృశ్యంలో సైనికుల బూట్లు, తల్లి ముఖం, దొర్లిపోయే పసిబిడ్డ బండి ఒకదానితో ఒకటి ఢీకొంటాయి. జిగా వెర్తోవ్ మరింత ముందుకు పోయారు. ఆయన "మూవీ కెమెరాతో మనిషి" (1929) చిత్రంలో నటులు లేరు, కథ లేదు, మధ్యలో చదువుకొనే అట్టలు లేవు. సోదరుడు మిఖాయిల్ కౌఫ్మన్ కెమెరా నడిపారు. భార్య యెలిజవెతా స్విలోవా ఎడిటింగు చేశారు. చిత్రం మధ్యలో బొమ్మ ఆగిపోయి, స్విలోవా కత్తెరతో ఫిలిం ముక్కలు ఏరి అతికించడం కనిపిస్తుంది. సినిమా తాను ఎలా తయారవుతున్నదో తానే చెప్పిన అరుదైన సందర్భం అది. 2014లో బ్రిటిష్ పత్రిక "సైట్ అండ్ సౌండ్" జరిపిన ఎన్నికలో డాక్యుమెంటరీలన్నిటిలో దీనికి ప్రథమ స్థానం లభించింది.

ఎందుకు ఆగిపోయింది?

1930 దాటేసరికి ఈ ఉద్యమం చెదిరిపోయింది. ఒక కారణం డబ్బు. మూకీ చిత్రాన్ని ఒక చిత్రకారుడు స్నేహితుల సాయంతో తీయగలిగేవాడు. శబ్దం రావడంతో స్టూడియో, యంత్రాలు తప్పనిసరి అయ్యాయి. ఖర్చు పెరిగింది.

రెండవ కారణం రాజ్యం. జర్మనీలో నాజీలు ఈ కళను "క్షీణించిన కళ" అని ముద్ర వేసి 1937లో మ్యూనిక్‌లో అవమానించే ఉద్దేశంతోనే ప్రదర్శన పెట్టారు. రిక్టర్ దేశం విడిచి చివరికి అమెరికా చేరారు. నైరూప్య యానిమేషన్‌లో దిట్ట అయిన ఆస్కార్ ఫిషింగర్ 1936లో అమెరికా వెళ్ళారు. డిస్నీ "ఫాంటేషియా" (1940) లోని బాక్ సంగీత భాగానికి పని చేశారు. తన ఊహలను మార్చివేశారని మధ్యలోనే బయటికి వచ్చారు. సోవియట్ దేశంలో 1934 నుంచి సోషలిస్టు వాస్తవికత అధికారిక మార్గం కావడంతో వెర్తోవ్ వంటి వారికి అవకాశాలు సన్నగిల్లాయి. ఐసెన్‌స్టీన్ గురువు మేయర్‌హోల్డ్‌ను 1940లో కాల్చి చంపారు.

అందరూ బాధితులే అనుకోవడం మాత్రం సరికాదు. రుట్‌మన్ జర్మనీలోనే ఉండి నాజీ పాలనలో ప్రచార చిత్రాలు, పారిశ్రామిక చిత్రాలు తీశారు. వాటిలో ఒకటి యుద్ధ ట్యాంకుల తయారీ గురించినది. బెర్లిన్ నగరపు ఉదయాన్ని లయబద్ధంగా చూపిన చేయే ట్యాంకుల తయారీని కూడా అంత లయబద్ధంగా చూపింది. ఇటలీలో మారినెట్టి ముసోలినీ పక్షం వహించారు. కొత్త రూపం కనుగొన్నంత మాత్రాన మంచి పక్షాన నిలిచినట్టు కాదన్నది ఈ చరిత్ర నేర్పే కఠినమైన పాఠం.

మన వైపు వచ్చిన గాలి

ఈ ఉద్యమాల గాలి తెలుగు సాహిత్యానికి కూడా సోకింది. శ్రీశ్రీ, శ్రీరంగం నారాయణబాబు అధివాస్తవికత పట్ల ఆసక్తి చూపి తెలుగు కవిత్వంలో ప్రయోగాలు చేశారు. 1939లో వెలువడిన "ఫిడేలు రాగాల డజన్" ఛందస్సును, మర్యాదను కలిపి ధిక్కరించింది. దాని కర్త పఠాభి, అనగా నెల్లూరు సీమలో పుట్టిన తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి. ఆయన తరువాత బెంగుళూరులో స్థిరపడి 1970లో కన్నడంలో "సంస్కార" చిత్రానికి దర్శకత్వం వహించారు. యు. ఆర్. అనంతమూర్తి నవల ఆధారంగా తీసిన ఆ చిత్రాన్ని మొదట సెన్సారు వారు అడ్డగించారు. తరువాత అదే జాతీయ ఉత్తమ చిత్రంగా ఎన్నికయింది. "సంస్కార" చక్కని కథాచిత్రం. దానిని పైన చెప్పిన చిత్రాల కోవలో చేర్చలేము. అయితే తెలుగులో పద్యపు కట్లు తెంచిన కవి, పొరుగు భాషలో సినిమా కట్లు తెంచడం రెండు భాషల నడుమ బ్రతికే మనకు గుర్తుంచుకోదగిన విషయం.

చూసేవారికి ఒక మాట

ఈ చిత్రాలలో చాలావరకు నిడివి తక్కువైనవి, మాటలు లేనివి. అందుచేత భాష అడ్డు రాదు. మొదటిసారి చూసేటప్పుడు "అర్థం ఏమిటి?" అని అడగకుండా, పాట విన్నట్టు చూడాలి. రెండవసారి ఏ బొమ్మ తరువాత ఏ బొమ్మ వచ్చిందో గమనించాలి. మూడవసారి ఆ వరుస మారితే తమ భావం మారేదా అని ఆలోచించాలి. పిల్లలతో మొదలుపెట్టదలచినవారికి రైనిగర్ "అహ్మద్", రిక్టర్ చతురస్రాలు తగినవి.

కులెషోవ్ ప్రయోగాన్ని ఇక్కడ మళ్ళీ తలచుకోవాలి. భావం లేని ముఖం పక్కన ఏది పెడితే ఆ భావం ఆ ముఖానికి వస్తుంది. నేడు ఇంటింటా ఫోను ఉన్నది, ఫోను నిండా వీడియోలున్నవి. ఎక్కడో ఎప్పుడో తీసిన ఒక గుంపు దృశ్యం పక్కన మన పక్క ఊరి పేరు అతికిస్తే చాలు, తరతరాలుగా కలిసి బ్రతికిన రెండు భాషల వారి మధ్య అనుమానం రగలవచ్చును. స్విలోవా తన కత్తెరను దాచలేదు. తెర మీదనే చూపారు. మనకు వచ్చే వీడియోలలో ఆ కత్తెర కనిపించదు. కనిపించని కత్తెరను ఊహించుకోగలిగే చూపును పిల్లలకు అలవరచగలిగితే, శతాబ్దం క్రితం కొద్దిమంది చిత్రకారులు పడిన శ్రమ మన పల్లెలకు కూడా ఉపయోగపడినట్టే.